రోజమ్మకు దొరికిన తిమింగలం పన్ను

యేసురాజుకు రాళ్ల పిచ్చి అని నార్తాంప్టన్‌లో ఉన్న తెలుగువాళ్లందరికీ తెలుసు. ఆ పిచ్చికి తెల్లారకముందే పులిహోర డబ్బాలు కట్టేదెవరో, బురద ప్యాంట్లు ఉతికేదెవరో, షెడ్డు నిండిపోయి వంటింట్లోకి చేరిన రాళ్ల మధ్య కూర వండేదెవరో మాత్రం ఎవరూ అడగలేదు. మగవాడికి పెళ్లాం ఉంటే పిచ్చిని కూడా హాబీ అంటారు. పెళ్లాం లేకపోతేనే డాక్టరు దగ్గరికి తీసుకుపోతారు.

అతను విశాఖలో జియాలజీ ఎమ్మెస్సీ చదివాడు. గుంటూరులో ఒక ప్రైవేటు కాలేజీలో పదేళ్లు పాఠాలు చెప్పాడు. భార్య రోజమ్మకు ఇంగ్లండులో నర్సు ఉద్యోగం వస్తే ఆమె వీసా కొంగు పట్టుకుని వచ్చాడు. ఇక్కడ అతని ఎమ్మెస్సీ సంగతి ఎవరికీ పట్టలేదు. నడుం గట్టిదేనా అని అడిగి పార్సిళ్ల గోదాములో పెట్టుకున్నారు. ఆరేళ్లుగా అట్టపెట్టెలు మోస్తున్నాడు. అతని దుఃఖంలో నటన లేదు. రోజమ్మకు అది తెలుసు కాబట్టే పులిహోర కట్టింది, ప్యాంట్లు ఉతికింది, రాళ్లను పక్కకు జరిపి కూర వండింది.

రోజమ్మకూ ఒక దుఃఖం ఉంది. పైకి చెప్పుకుంటే నవ్విపోతారనిపించేంత చిన్నది. ఆసుపత్రిలో చేరిన మొదటిరోజే వార్డు మేనేజరు, ముసలి పేషెంట్లకు నోరు తిరగదని, ఆమె బ్యాడ్జి మీద 'రోజ్' అని కొట్టించింది. రోజమ్మ నవ్వి సరేనంది. చర్చిలో ఆమె 'సిస్టర్ యేసురాజు'. ఆమె మాత్రం రోజంతా పేర్లే రాస్తుంది: చేతిపట్టీల మీద, మందుల చార్టుల మీద, నీళ్ల జగ్గుల మీద, పోయినవాళ్ల కాలికి కట్టే చీటీల మీద. ఒక్క అక్షరం తప్పు పోదు. పేరు తప్పు పడితే ప్రాణం మీదికి వస్తుందని నర్సింగు స్కూల్లోనే నేర్పారు. తన పేరు తప్పు పడితే ఏం చెయ్యాలో ఎవరూ నేర్పలేదు.

2010 జూలైలో పేపర్లో ఒక వార్త వచ్చింది. పెరూ దేశపు ఎడారిలో తిమింగలం పుర్రె ఒకటి దొరికిందట. యేసురాజు ఆ పేపరు పట్టుకుని వంటింట్లోకి పరుగెత్తుకొచ్చాడు.

"తిమింగలాల్ని తినే తిమింగలం రోజా! ఇప్పుడున్న స్పెర్మ్ వేల్‌కి పనికొచ్చే పళ్లు కింది దవడకే ఉంటయ్యి. దీనికి పైనా కిందా రెండు పక్కలా ఉన్నయ్యి. ఒక్కో పన్ను అడుగు పైమాటే. కోటీ ఇరవై లక్షల ఏళ్ల కిందట సముద్రంలో దీనికి ఎదురే లేదు."

"మరి ఏమైపోయింది?"

"తినేదానికి లేక పోయుంటది."

"అంత నోరు పెట్టుకుని ఆకలితో పోయిందా పాపం" అంది రోజమ్మ, పోపు మాడకుండా చూసుకుంటూ.

దాని చుట్టాలు ఇంగ్లండు సముద్రంలో కూడా తిరిగాయని, సఫక్ తీరంలో చరియలు విరిగినప్పుడు వాటి పళ్లు ఎప్పుడో ఒకటీ అరా బయటపడతాయని యేసురాజు చెప్పాడు. ఆ నెలాఖరుకే ఆమెను అటువైపు ఊళ్లో ఒక పాత మ్యూజియానికి తీసుకెళ్లాడు. గాజుపెట్టెలో అరిగిపోయిన పన్ను ఒకటి ఉంది, బొటనవేలంత. యేసురాజు దాని మీదికి వంగి లేవనే లేదు. రోజమ్మ కళ్లు మాత్రం దాని పక్కనున్న చీటీ మీద పడ్డాయి. పాతకాలపు సిరాతో అందమైన చేతిరాత: 'మిసెస్ హారియట్ పైక్‌కు దొరికినది, 1868.'

"ఈమెవరండీ?"

"ఎవరో దొరసాని. ఒడ్డున ఏరుకుని ఉంటది."

"ఏరుకుంటే పేరు రాస్తారా?"

"దొరికినోళ్ల పేరు రాయటం పద్ధతి. పన్ను ఎంత ముఖ్యమో అది ఎవరికి దొరికింది, ఏ చోట దొరికింది, ఏ పొరలో దొరికింది అన్నదీ అంతే ముఖ్యం. అయ్యి లేకపోతే అది ఉత్త రాయి." పదేళ్లు పాఠం చెప్పిన గొంతుతో చెప్పాడు.

రోజమ్మ ఆ చీటీ ముందు చాలాసేపు నిలబడింది. హారియట్ పైక్ ఎవరి భార్యో, పిల్లలున్నారో లేదో, ఏం తిని ఎలా పోయిందో ఎవరికీ తెలియదు. నూట నలభై రెండేళ్ల తరువాత బాపట్ల నుంచి వచ్చిన ఆడది ఒకతె ఆమె పేరును కూడబలుక్కుని చదువుతోంది. నాక్కూడా ఇలాంటిది ఒకటి కావాలి అనుకుంది రోజమ్మ. తనకంటూ ఏదైనా కావాలని ఆమె అనుకుని చాలా ఏళ్లయింది.

నవంబరు పదమూడు, శనివారం. ఆమె డ్యూటీల రోటాలో ఆ నెలకు అదొక్కటే ఖాళీ శనివారం. రెండు రోజుల కిందట తుఫాను వచ్చి చరియలు విరిగిపడ్డాయని ఎక్కడో చదివి యేసురాజు తెల్లవారుజామునే కారు తీశాడు. బీచ్‌కు దిగే మెట్ల కింద చరియకు అతుక్కుపోయి సుత్తితో కొట్టుకోవడం మొదలుపెట్టాడు. రోజమ్మకు చలి. నిలబడితే కాళ్లు కొయ్యబారుతున్నాయని నడక మొదలుపెట్టింది. అలల్ని ఆపడానికి సముద్రంలోకి పాతిన చెక్క దడులు దాటి, ఆ పక్కకు వెళ్లింది. అక్కడ మంచమంత గోధుమరంగు రాతిబండ ఒకటి కొత్తగా విరిగిపడి ఉంది. దాని పక్కన కూర్చుని ఫ్లాస్కులో టీ పోసుకుంటుంటే కాలికి ఏదో తగిలింది.

జానెడు పొడవు, పచ్చడి బండంత లావు. చేతుల్లోకి తీసుకుంటే బరువుకు మణికట్టు వంగింది. ఒక చివర మొనదేలి నున్నగా ఉంది. తక్కిన సగానికి గోధుమరంగు ఇసుక గట్టిపడి అంటుకుంది, అందులో ఆవగింజలంత గవ్వలు. వార్డులో ఎన్ని కట్టుడు పళ్లు కడిగిన చేతులో! అది పన్నని చెప్పడానికి ఆమెకు ఎమ్మెస్సీ అక్కర్లేకపోయింది. తల తిప్పి బండ వంక చూసింది. బండలోంచి వంపు తిరిగిన ఎముక ఒకటి బయటికి వచ్చి ఉంది. దాని పొడవునా వరసగా గుంటలు, అచ్చం గుంట పునుగుల పెనంలా. అందులో ఒక గుంటలో ఇంకో పన్ను మొన కూడా కనిపిస్తోంది.

పన్నును శాలువాలో చుట్టుకుని పసిబిడ్డను తెచ్చినట్టు తెచ్చింది. యేసురాజు మోకాళ్ల మీద ఉన్నాడు. శాలువా విప్పి అతని చాచిన చేతుల్లో పెట్టింది. అతను చూశాడు. ఏడ్చాడు. వాళ్ల ఇరవై రెండేళ్ల కాపురంలో అతను అలా ఏడవడం ఆమె చూసింది ఒక్కసారే, అతని తల్లి పోయిన రోజున. రోజమ్మకు కడుపు నిండిపోయింది.

"రండి, చూపిస్తా, దడుల అవతల ఇంకా..."

"పోటు వస్తంది రోజా, నడు నడు, కారెక్కు."

కారులో మళ్లీ అంది. "ఆ బండలో ఇంకేదో ఉందండీ, గుంటలు గుంటలుగా..."

"బండ అన్నాక గుంటలుండవా? కాసేపు నన్ను ఆలోచించుకోనీ."

అతను ఆలోచిస్తున్నది ఉత్తరం గురించి. ఆ సాయంత్రమే మ్యూజియానికి మెయిల్ రాశాడు. టీ ఇవ్వడానికి వెళ్లిన రోజమ్మ అతని భుజం మీదుగా చదివింది. 'మెట్ల దగ్గర చరియ కింద నాకు ఒక పన్ను దొరికింది' అని ఉంది.

"నేను గదండీ తీసింది?"

"నువ్వూ నేనూ వేరా? నీ పేరు రాశామనుకో, ఈమెవరు, ఏం చదివింది అంటారు. నా పేరుకైతే ఎమ్మెస్సీ ఉంది. బరువుంటది."

"మరి మెట్ల కింద అని రాశారేంది? దడులు దాటినాక గదా."

"నేనున్నది మెట్ల కిందే గదా. అదంతా ఒకటే బీచ్ లేవే."

ఎవరికి, ఏ చోట, ఏ పొరలో అని పాఠం చెప్పిన మనిషి అతనే. తన పేరు తెరమీదికి వచ్చేసరికి పాఠం కాస్తా మరిచిపోయాడు. మళ్లీ వెళ్లి ఆ చోటు చూద్దామన్నా క్రిస్మస్ ముందు గోదాములో వారానికి ఆరు రోజులు డ్యూటీ, ఆమెకు వార్డులో సెలవుల్లేవు. అలా ఆగిపోయింది.

మర్నాడు ఆదివారం తెలుగు ఫెలోషిప్. మధ్యాహ్నం రెండింటికి ఇంగ్లీషువాళ్ల చర్చి హాలు ఖాళీ అయ్యాక అక్కడ చేరతారు. పాటలయ్యాక పాస్టర్ రాజ్ కుమార్ సాక్ష్యం చెప్పేవాళ్లను ముందుకు రమ్మంటాడు. వీసా వచ్చినవాళ్లు, ఆపరేషన్ గట్టెక్కినవాళ్లు, డ్రైవింగ్ టెస్టు పాసైనవాళ్లు లేచి దేవుడికి స్తోత్రం చెప్పుకుంటారు. ఆ రోజు యేసురాజు లేచాడు.

"ప్రియులారా, ఎమ్మెస్సీ చదివి ఆరేళ్లు పెట్టెలు మోశాను. దేవుడు నా మొర విన్నాడు. నిన్న ఆ చలిలో, ఆ గాలిలో మోకాళ్ల మీద ఉన్నాను. చేతులు చాపాను. కోటి ఏళ్ల నాటి పన్నును నా చేతుల్లో పెట్టాడు."

హాలంతా హల్లెలూయ అంది. అందులో అబద్ధం వెతికితే దొరకదు. మోకాళ్ల మీద ఉన్నమాట నిజం, చేతులు చాచినమాట నిజం. ఆ చేతుల్లో పన్ను పెట్టినది మాత్రం దేవుడు కాదు, మూడో వరసలో కొంగు కప్పుకుని కూర్చున్న ఆడమనిషి.

పక్కనే కూర్చున్న కాంతం మోచేత్తో పొడిచింది. "అదృష్టవంతురాలివే రోజమ్మా. మీ ఆయన పేరు పేపర్లో పడుద్ది."

"దొరికింది నాకే కాంతం."

"ఊరుకోవే! రాయికీ పన్నుకీ నీకేం తేడా తెలుసు?" అని కాంతం నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది.

రోజమ్మకు ఒళ్లు మండిపోయింది. ఆ మంటలోనే ఒక నిర్ణయం చేసుకుంది: ఆ బండలో ఉన్న ఎముక సంగతి ఇక ఈయనతో అననే అనదు. చెబితే వచ్చే ఆదివారం దాన్ని కూడా దేవుడు ఈయన చేతుల్లోనే పెడతాడు. మ్యూజియంవాళ్లు వస్తారుగా. వాళ్లకే చెబుతుంది, తన నోటితో, తన పేరుతో. ఎముక ఎక్కడికి పోతుంది? కోటి ఏళ్లుగా ఉన్నది ఇంకొన్నాళ్లు ఉండదా?

వారంలో జవాబు వచ్చింది. రాసినావిడ డాక్టర్ హేజెల్ వికర్స్, ఆ మ్యూజియంలో ఎముకల విభాగం చూసే మనిషి. ఫోటోలు చూసి తనకు నిద్ర పట్టలేదని రాసింది. ఈ తీరంలో దొరికే పళ్లన్నీ పాత పొరల్లోంచి కొట్టుకొచ్చి, అరిగి, ఏ కాలానివో చెప్పలేని స్థితిలో దొరుకుతాయట. దీనికి మాత్రం అది పుట్టిన పొర ఇసుక ఇంకా అంటుకుని ఉంది. అందులోని గవ్వల్ని చూసి ఆ తిమింగలం ఏ కాలంలో తిరిగిందో చెప్పవచ్చు. కింద నల్లటి అక్షరాల్లో: దయచేసి దేన్నీ శుభ్రం చేయకండి, నీళ్లు కూడా పోయకండి. జనవరిలో మనుషుల్ని తీసుకుని మెట్ల కింద వెతుకుతాననీ, ఫిబ్రవరి పన్నెండున నార్తాంప్టన్‌లో వేరే మీటింగు ఉంది కాబట్టి ఇంటికే వచ్చి చూస్తాననీ రాసింది.

యేసురాజు ఆ మెయిల్‌ను ప్రింటు తీసి ప్లాస్టిక్ ఫైల్లో పెట్టుకున్నాడు. గోదాములో ముగ్గురికి చదివి వినిపించాడు. చర్చిలో మగవాళ్లందరికీ చూపించాడు. రోజమ్మతో మాత్రం, "మ్యూజియం మేడమ్ శనివారం వస్తంది, గారెలు చెయ్యి" అన్నాడు. అంతే.

రోజమ్మ గారెలకు పప్పు నానబోయడంతో ఆగలేదు. ఆమె తల్లి బాపట్ల చర్చిలో ప్రభువు బల్ల సామాను తోమేది. ఇత్తడి గిన్నె, రొట్టె పళ్లెం. శుక్రవారం మధ్యాహ్నం చింతపండు నానబోసి, ఉప్పు వేసి, సామాను అందులో ముంచి ఉంచేది. శనివారం పొద్దున పీచుతో తోమి, కడిగి, తెల్లగుడ్డ కప్పేది. నలుగురి ముందు బల్ల మీద పెట్టేది మరకతో పెట్టకూడదు, అది తల్లి నేర్పిన చదువు. పెద్ద డాక్టరు రౌండ్లకు వచ్చే ముందు పుండును కడిగి ఉంచాలి, అది నర్సింగు నేర్పిన చదువు. రెండు చదువులూ ఒకే మాట చెబుతుంటే రోజమ్మ ఇంకెవర్ని అడుగుతుంది?

శుక్రవారం యేసురాజు డ్యూటీకి వెళ్లగానే షెడ్డులో బిస్కెట్ల డబ్బా తెరిచి పన్ను తీసింది. అర కిలో చింతపండు పులుసు తీసి, బకెట్లో పోసి, గుప్పెడు ఉప్పు వేసి పన్నును ముంచింది. వెంటనే బుసబుసమంటూ సన్నటి బుడగలు లేచాయి. మురికి వదులుతోందని రోజమ్మ ముచ్చటపడింది. బకెట్ మీద మూత పెట్టి బాత్రూం మూలకు జరిపింది.

శనివారం పొద్దున యేసురాజు క్షవరం చేయించుకుని, అటునుంచి అటే స్టేషన్‌కు వెళ్లి మేడమ్‌ను తీసుకొస్తానని బయల్దేరాడు. రోజమ్మ పన్నును సింకులో పెట్టింది. ఇసుక మెత్తబడి వేలితో గీకితేనే ఊడొస్తోంది. స్టీలు పీచుతో, పళ్లు తోముకునే బ్రష్షుతో మూలమూలా తోమింది. గవ్వలు, ఇసుక అన్నీ కుళాయి నీళ్లతో పోయాయి. ఆఖరున గుడ్డతో తుడిచి కొబ్బరినూనె రాసింది. పన్ను నల్లటి చెక్కబొమ్మలా మెరిసిపోయింది. ముందుగదిలో బల్ల మీద తెల్లగుడ్డ పరిచి, పన్ను పెట్టి, పైన ఇంకో గుడ్డ కప్పింది. గారెలు వేస్తూ ఇంగ్లీషులో మూడు వాక్యాలు పదిసార్లు అనుకుంది: ఇది నాకు దొరికింది. ఆ చోటు నాకు తెలుసు. అక్కడ దవడ కూడా ఉంది.

హేజెల్ వికర్స్ యాభై ఏళ్ల మనిషి. గుమ్మం దగ్గర చెప్పులు చూసి తానూ బూట్లు విప్పింది. గారె తుంచుకుని బాగుందంది. యేసురాజు కొత్త క్షవరంతో, ఇస్త్రీ చొక్కాతో ఫైలు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. "పన్ను తెస్తా" అని లేవబోతే రోజమ్మ, "ఇక్కడే పెట్టానండీ" అని గుడ్డ తీసింది.

హేజెల్ వంగి పన్ను చేతిలోకి తీసుకుంది. వేళ్లకు నూనె అంటింది. వాసన చూసింది. జేబులోంచి చిన్న భూతద్దం తీసి చుట్టూ తిప్పి చూసింది. తరువాత చాలా మెల్లగా, ఇంగ్లీషులో, "దీని మీద ఇసుక ఏమైంది?" అంది.

"నేనే కడిగాను డాక్టర్. చింతపండుతో" అంది రోజమ్మ. ముఖం వెలిగిపోతోంది.

హేజెల్ కుర్చీలో వెనక్కి వాలింది. తిట్టలేదు. తిట్టినా బాగుండేది. వార్డులో ఇక లాభం లేదని చుట్టాలకు చెప్పే డాక్టర్లు ఎలా మాట్లాడతారో అలా మాట్లాడింది. ఈ పన్ను తన కథ చెప్పేది ఆ ఇసుకతోనేననీ, పులుపుకు గవ్వలు కరిగిపోతాయనీ, పన్ను పైపొరను కూడా అది కొంత తినేసిందనీ, ఇప్పుడిది ఏ కాలానిదో చెప్పే దారి పోయిందనీ చెప్పింది. మధ్యలో రెండుసార్లు సారీ అంది, తప్పు తనదైనట్టు.

"ఏం పని చేశావే?" అన్నాడు యేసురాజు తెలుగులో. "నీళ్లు కూడా పోయొద్దందే ఆవిడ!"

"ఎప్పుడంది?"

"మెయిల్లో రాసింది."

"ఆ మెయిల్ నాకు చూపించారా?"

ఊరందరికీ చదివిన ఫైలు అతని ఒళ్లోనే ఉంది.

హేజెల్ పన్నును తిరిగి గుడ్డ మీద పెట్టింది. ఇసుక పోయినా ఒక ఆశ ఉందంది. అది పడిన చోటు సరిగ్గా తెలిస్తే, అక్కడి పొర చూసి చెప్పవచ్చు. "జనవరి మొదటి వారం మీరు రాసిన చోటే రెండు రోజులు ఆరుగురం వెతికాం. ఆ మెట్ల దగ్గర అసలు ఆ పొరే లేదు. మిస్టర్ యేసురాజూ, మీకు కచ్చితంగా గుర్తుందా, అక్కడేనా?"

యేసురాజు పన్ను వంక చూశాడు. ఫైలు వంక చూశాడు. తరువాత రోజమ్మ వంక చూడకుండా ఇంగ్లీషులో అన్నాడు: "నిజానికి అది నాకు దొరకలేదు. నా భార్య రోజమ్మకు దొరికింది. ఆమె చెప్పినట్టే నేను రాశాను."

మూడు నెలలు ఆ మాట కోసం చూసింది రోజమ్మ. చర్చిలో అంటాడేమో అనుకుంది, కాంతం ముందైనా అంటాడేమో అనుకుంది, కనీసం వంటింట్లో తనతోనైనా అంటాడేమో అనుకుంది. మొత్తానికి అన్నాడు. పేరు కూడా కుదించకుండా పూర్తిగా పలికాడు. పన్ను బాగున్నంతకాలం అది ఆయనది. చెడిపోయాక, చోటు తప్పయ్యాక, అది రోజమ్మది. ఆమెకు సిగ్గేసింది, ఆయన మీద అసహ్యం వేసింది. ఆ మాట కోసం అన్నాళ్లు గుమ్మంలో నిలబడినట్టు నిలబడ్డందుకు తన మీద తనకు ఇంకా అసహ్యం వేసింది.

"నేను మెట్ల కింద అని చెప్పలేదు డాక్టర్" అంది. దాచుకున్న మూడు వాక్యాలూ వరస తప్పి బయటికొచ్చాయి. దడులు దాటి యాభై అడుగులు. గోధుమరంగు బండ, మంచమంత. అందులో వంపు తిరిగిన ఎముక, వరసగా గుంటలు, ఒక గుంటలో ఇంకో పన్ను. "తొమ్మిది గుంటలు. లెక్కపెట్టాను."

రాసుకుంటున్న హేజెల్ తల ఎత్తింది. "దవడ" అంది, తనతో తాను అనుకుంటున్నట్టు. "పళ్లతో సహా దవడ!" యేసురాజు నోరు తెరుచుకుని భార్య వంక చూస్తున్నాడు.

హేజెల్ తన కెమెరా తీసి ఒక ఫోటో చూపించింది. జనవరిలో తనతో వెతకడానికి వచ్చిన ఐదుగురూ చెక్క దడుల మీద వరసగా కూర్చుని శాండ్‌విచ్‌లు తింటున్నారు. వాళ్ల వీపుల వెనక, దడులకు అవతల, ఒడ్డు మీద గోధుమరంగు బండ ఒకటి మసగ్గా కనిపిస్తోంది.

"ఇదేనా?"

"ఇదే."

"మేం అటు వెళ్లలేదు. మాకు చెప్పిన చోటు ఇటు." హేజెల్ కెమెరా ఆపేసింది. ఆ తరువాత రెండు వారాలకు పెద్ద తుఫాను వచ్చిందని, దడుల అవతల ఒడ్డు ఒడ్డంతా సముద్రం ఊడ్చుకుపోయిందని, మొన్న తాను వెళ్లి చూస్తే అక్కడ నీళ్లు తప్ప ఏమీ లేవని చెప్పింది. ఇక్కడ ఇలాంటి దవడ ఇంతవరకూ తన కంటపడలేదంది. ఇంకొకటి దొరుకుతుందో లేదో తన కాలంలో తెలియదంది.

వెళ్లే ముందు పన్నును మ్యూజియానికి ఇస్తారా అని అడిగింది. అల్మరాలో దాచేటంత విలువ దీనికి ఇక లేదనీ, బడిపిల్లలు చేత్తో పట్టుకుని చూసే పెట్టెలో పెడతాననీ దాచకుండా చెప్పింది. ఫారం తీసి, స్పెల్లింగ్ అడిగి, రాసుకుంది. దొరికినది: మిసెస్ రోజమ్మ యేసురాజుకు. చోటు: నిర్ధారణ కాలేదు. కాలం: తెలియదు. స్థితి: దొరికినావిడే పులుపుతో కడిగారు. ఆఖరి వాక్యం రాసేటప్పుడు తల ఎత్తి, "ఇది రాయక తప్పదు, ఏమీ అనుకోకండి" అంది. రోజమ్మ సంతకం పెట్టింది.

హేజెల్ టాక్సీ ఎక్కి వెళ్లిపోయాక రోజమ్మ ప్లేట్లు తీసుకుని వంటింట్లోకి వెళ్లేసరికి యేసురాజు సింకు కింద పడుకుని ఉన్నాడు. ఇస్త్రీ చొక్కాతోనే. పైపుకు ఉన్న వంపు గొట్టం విప్పి, అందులోంచి కారే నీళ్లను గిన్నెలో పడుతున్నాడు. అన్నం మెతుకులు, చింతపండు పీచు, టీ ఆకు, వాటి కింద రెండు చెంచాల గోధుమరంగు ఇసుక. దాన్ని వేలితో కెలుకుతూ తల బయటికి పెట్టకుండానే అడిగాడు.

"ఆ దవడ సంగతి నాకెందుకు చెప్పలేదే?"

"దొరికింది మీకు గదా. పక్కన ఏముందో మీకే తెలియాలి" అంది రోజమ్మ.

మూడు నెలలుగా నూరుకున్న మాట అది. అనేశాక చూసుకుంటే ఏ సుఖమూ లేదు. ఆ రోజు కారులో ఇంకో రెండుసార్లు గట్టిగా చెప్పి ఉంటే ఆయన బండి వెనక్కి తిప్పేవాడని ఆమెకు తెలుసు. తిప్పి, ఆ దవడ కూడా తనకే దొరికిందని రాసుకునేవాడనీ తెలుసు. అలా రాసుకున్నా దవడ ఒడ్డున ఉండేది, అదీ తెలుసు. ఆ మూడో సంగతిని రోజమ్మ మోయలేకపోయింది. గట్టు పట్టుకుని నిలబడి, నోట్లో కొంగు కుక్కుకుని ఏడ్చింది.

యేసురాజు సింకు కిందినుంచి బయటికి వచ్చాడు. కొత్త క్షవరం మీద మురికినీళ్లు కారుతున్నాయి. గిన్నెను రెండు చేతులతో ఆమె ముందుకు చాపాడు. "నీ కళ్లు మంచియి. చూడవే, ఒక్క గవ్వన్నా మిగిలిందేమో" అన్నాడు.

రోజమ్మ ముఖం తుడుచుకుంది. కళ్లజోడు పెట్టుకుని గిన్నెను కిటికీ దగ్గరికి తీసుకెళ్లింది. ఇసుకను వేలితో పలచగా పరిచి, గింజ గింజా పక్కకు జరుపుతూ, ఒకటికి రెండుసార్లు చూసింది.

"ఏం లేదండీ" అంది.